ఒక బల్ల, రెండు కుర్చీలు, ఒక కెమెరా

అనంతపురం జిల్లా పోలీసు సూపరింటెండెంట్ గారికి బహిరంగ లేఖ



నా అర్జీ ఏమిటో ముందే చెప్పేస్తాను. అనంతపురం వన్ టౌన్ పోలీసు స్టేషన్ ఆవరణలో, వచ్చేపోయే వాళ్లకు కనిపించే చోట, కెమెరా కింద ఒక బల్ల, రెండు కుర్చీలు వేయించండి. ఆన్‌లైన్‌లో పరిచయమైన ఇద్దరు మనుషులు పాత వస్తువు చూసుకుని, డబ్బిచ్చి పుచ్చుకోవడానికి ఆ చోటు వాడుకోవచ్చని ఒక బోర్డు పెట్టించండి. వచ్చినవాళ్లను పేరు అడగొద్దని, ఆధార్ అడగొద్దని సిబ్బందికి చెప్పండి. అంతే.

ఏ వస్తువు కోసమయ్యా అని అడుగుతారు కాబట్టి అదీ చెబుతాను, నవ్వినా పర్వాలేదు. పాత బోర్డు గేముల కోసం. క్యారమ్ బోర్డులు, చదరంగం పెట్టెలు, స్క్రాబుల్, బిజినెస్, ఈ మధ్య కాలేజీ పిల్లలు మోజుపడుతున్న కటాన్ లాంటి ఆటలు. హత్యలు, దొమ్మీలు, గంజాయి కేసులు చూసే ఆఫీసుకు ఈ గవ్వలాట గొడవేమిటని మీ సిబ్బంది అనుకోవచ్చు. మొత్తం చదివాక అనుకోమనండి.

మా ఊరి వేసవి మీకు తెలుసు. ఏప్రిల్ వచ్చి ఎండ నలభై డిగ్రీలు దాటిందంటే పొద్దున పదకొండు నుంచి సాయంత్రం ఐదు దాకా పిల్లలు గడప దాటరు. ఆ ఆరు గంటలూ వాళ్ల చేతిలో ఫోనైనా ఉండాలి, మరొకటైనా ఉండాలి. ఆ మరొకటి ఒకప్పుడు ఉత్తపుణ్యానికే దొరికేది. బారాకట్టకు ఒక సుద్దముక్క, నాలుగు గవ్వలు చాలు. పులిజూదానికి బండ మీద గీతలు, గుప్పెడు రాళ్లు చాలు. ఒక మేక పోతే ఇంకో గులకరాయి ఏరుకొచ్చి పెట్టేవాళ్లం. ఇప్పటి ఆటలు పెట్టెలో వస్తాయి. పెట్టెలో ఉండాల్సినవన్నీ ఉంటేనే ఆట, లేకపోతే అట్టముక్కలు.

ఆ పెట్టెకు ధర ఉంది. కటాన్ కొత్తది కొనాలంటే మూడు నాలుగు వేలు. 2025-26లో మన రాష్ట్రంలో ఉపాధి హామీ కూలి రోజుకు 307 రూపాయలు. అంటే ఒక ఆట పెట్టె పది నుంచి పదమూడు రోజుల కూలి. ఏడాదికి 550 మిల్లీమీటర్ల లెక్కన వాన పడే, అదీ అదనులో పడని జిల్లా మాది. సెనక్కాయ చేతికొస్తుందో రాదో తెలియని ఇంట్లో ఆటకు అంత డబ్బు పెట్టరు. అదే ఆట పాతది సగానికీ, మూడోవంతుకీ దొరుకుతుందంటే మాత్రం ఆలోచిస్తారు.

పాతవి ఎక్కువగా దొరికేది బెంగళూరులో. రెండు వందల కిలోమీటర్ల దూరం, నలభై నాలుగో నంబరు జాతీయ రహదారి మీద నాలుగు గంటల ప్రయాణం. అక్కడ అపార్ట్‌మెంట్లు మారే కుటుంబాలు, ఉద్యోగం కోసం విదేశాలకు వెళ్లే కుర్రవాళ్లు నాలుగుసార్లు ఆడి అటకెక్కించిన పెట్టెలను ఓఎల్‌ఎక్స్‌లో, ఫేస్‌బుక్ మార్కెట్‌ప్లేస్‌లో అమ్మకానికి పెడతారు. మన ఊళ్లోనూ పెట్టేవాళ్లున్నారు. జేఎన్‌టీయూలో చదువు ముగించి హాస్టల్ గది ఖాళీ చేసే విద్యార్థులు, బదిలీ మీద వెళ్లే ఉద్యోగులు. అమ్మేవాడికి అటక ఖాళీ అవుతుంది, కొనేవాడికి వేసవి గడుస్తుంది. ఇద్దరికీ మంచిదే. మధ్యలో మూడోవాడు దూరుతున్నాడు కాబట్టే ఈ ఉత్తరం.

ఆ మూడోవాడి పని తీరు మీ సైబర్ విభాగానికి కంఠతా వచ్చి ఉంటుంది. చదివే తల్లిదండ్రుల కోసం చెబుతాను. గుంతకల్లులో ఒక ఇంటర్ కుర్రాడు పాత ఆట కోసం వెతుకుతున్నాడనుకుందాం. మూడు వేల ఆట తొమ్మిది వందలకు కనబడుతుంది. ఫొటోలు మెరిసిపోతుంటాయి, ఎందుకంటే అవి కంపెనీ వెబ్‌సైటులోంచి తీసినవి. అమ్మేవాడు వెంటనే వాట్సాప్‌లోకి రమ్మంటాడు. తాను సైన్యంలో పనిచేస్తున్నానని, ఎక్కడికో బదిలీ అయిందని, అందుకే తక్కువకు ఇచ్చేస్తున్నానని చెప్పి యూనిఫాం ఫొటో, గుర్తింపు కార్డు పంపిస్తాడు. పాత కార్లు, బైకుల పేరుతో దేశమంతా నడిచిన నాటకం ఇది, సరుకు మాత్రమే మారింది. ఇంకో ముగ్గురు అడుగుతున్నారు, ఐదు వందలు పంపితే నీకే ఉంచుతానంటాడు. పంపాక పార్సెల్ ఖర్చు అంటాడు. తర్వాత, తిరిగి ఇచ్చేసే డిపాజిట్ అంటాడు. అది తిరిగి ఇవ్వడానికే అంటూ ఒక క్యూఆర్ కోడ్ పంపి స్కాన్ చేయమంటాడు. పిన్ నొక్కగానే ఖాతాలో మిగిలింది కూడా పోతుంది.

చదువురాని వాళ్లే మోసపోతారనుకుంటే పొరపాటు. 2021 ఫిబ్రవరిలో అప్పటి ఢిల్లీ ముఖ్యమంత్రి కుమార్తె ఓఎల్‌ఎక్స్‌లో పాత సోఫా అమ్మబోయి, కొంటానన్నవాడు పంపిన క్యూఆర్ కోడ్ స్కాన్ చేసి 34 వేలు పోగొట్టుకున్నారు. అంటే కొనేవాళ్లకే కాదు, అమ్మేవాళ్లకూ ఇదే ఉచ్చు. డబ్బు రావడానికి పిన్ అక్కర్లేదు, పోవడానికే కావాలి. ఈ ఒక్క మాట ఇంటి గోడ మీద రాసుకున్నా తప్పులేదు. అవతలివాడు మన ఫోనుకు డబ్బు అడుగుతూ కలెక్ట్ రిక్వెస్ట్ పంపే పద్ధతిని వ్యక్తుల మధ్య చెల్లింపులకు 2025 అక్టోబరు 1 నుంచి ఆపేశారు. ఒక తలుపు మూసుకుంది. క్యూఆర్ కోడ్ తలుపు తెరిచే ఉంది, దాన్ని తోసేది మన వేలే.

మరి డబ్బు పోయాక దిక్కెవరు? చట్టం చదివితే గుండె జారే సంగతి ఇక్కడే ఉంది. దుకాణంలో కొంటే వినియోగదారుల రక్షణ చట్టం ఉంది, ఫిర్యాదు వినే కమిషన్ ఉంది. పెద్ద ఆన్‌లైన్ దుకాణంలో కొంటే 2020 నాటి ఈ-కామర్స్ నిబంధనలున్నాయి. కానీ ఆ నిబంధనల్లోనే ఒక మినహాయింపు ఉంది. వ్యాపారంగా, క్రమం తప్పకుండా అమ్మకాలు సాగించని మామూలు మనిషి సొంతానికి చేసుకునే లావాదేవీలకు అవి వర్తించవు. బెంగళూరులో ఇల్లు మారుతున్న ఆయన మనకు స్క్రాబుల్ అమ్మితే ఆయన వ్యాపారి కాడు, మనం ఆ అర్థంలో వినియోగదారులం కాము. పెట్టె విప్పితే సగం ముక్కలు లేకపోయినా వాపసు గడువు లేదు, వారంటీ లేదు.

బ్యాంకూ అంతే. మన తప్పు లేకుండా ఖాతాలోంచి డబ్బు పోతే, మూడు పనిరోజుల్లో చెబితే ఖాతాదారుడికి నష్టం ఉండదని రిజర్వు బ్యాంకు 2017 జులైలో చెప్పింది. మన చేత్తో మనమే పిన్ నొక్కితే ఆ రక్షణ మనకు అందదు. మోసానికి భారతీయ న్యాయ సంహితలో 318వ సెక్షన్ ఉంది, ఐటీ చట్టంలో 66డి ఉంది. నిజమే. కానీ తొమ్మిది వందల రూపాయల కోసం రాజస్థాన్‌లోనో హరియాణాలోనో కూర్చున్నవాడిని పట్టుకొచ్చేందుకు ఒక బృందాన్ని పంపమని ఏ తండ్రీ మిమ్మల్ని అడగలేడు. అడిగినా మీరు పంపలేరు. చిన్న మొత్తాల మోసగాడు బతికేది ఈ లెక్క మీదే.

అందుకే నా చూపు ఒక పాత చట్టం మీద పడింది. వస్తు విక్రయ చట్టం. అందులో 32వ సెక్షన్ చెప్పేది ఇంతే: వేరే ఒప్పందం లేకపోతే, సరుకు అప్పగించడం, ధర చెల్లించడం రెండూ ఒకేసారి జరగాలి. ఈ చేత్తో పెట్టె, ఆ చేత్తో డబ్బు. ఆ చట్టం వచ్చిన సంవత్సరం 1930. ఆన్‌లైన్ మోసం జరిగితే మనం ఫోన్ చేయాల్సిన నంబరూ 1930. కాకతాళీయమే కావచ్చు. కానీ మొదటి 1930ని పాటిస్తే రెండో 1930తో చాలామందికి పనే ఉండదు.

అడ్వాన్స్ అడిగినవాడు ఆ సెక్షన్‌కు వేరే ఒప్పందం రాయిస్తున్నాడు. మనం మాట్లాడకుండా ఒప్పుకుంటున్నాం. ఎందుకు ఒప్పుకుంటున్నామంటే కలుసుకోవడానికి చోటు లేదు. ముక్కూ మొహం తెలియని మనిషి ఇంటికి ఆడపిల్లను ఎలా పంపుతాం? అతన్ని మన ఇంటికి పిలిచి చిరునామా ఎలా ఇస్తాం? టవర్ క్లాక్ దగ్గర కలుద్దామంటే ఆ రద్దీలో నిలబడి, బండ్ల హారన్ల మధ్య స్క్రాబుల్ బిళ్లలు వంద ఎక్కడ లెక్కపెడతాం? హోటల్లో కూర్చుంటే సర్వరు వచ్చి బల్ల ఖాళీ చేయమంటాడు. చివరికి కలుసుకోవడం మానేసి డబ్బు పంపేస్తాం.

నేను బల్ల అడగడానికి కారణం బోర్డు గేముల స్వభావంలోనే ఉంది. పాత ఫోన్ కొంటే నిలబడే చూసుకోవచ్చు. పాత సైకిల్ కొంటే ఒక చుట్టు తొక్కి చూడొచ్చు. ఆట పెట్టెను మాత్రం పరిచి చూడాలి. కటాన్‌లో 19 భూభాగాల పలకలు, 18 అంకెల బిళ్లలు, 95 వనరుల కార్డులు, 25 అభివృద్ధి కార్డులు ఉండాలి. నలుగురు ఆటగాళ్లలో ఒక్కొక్కరికి ఐదు ఊళ్లు, నాలుగు నగరాలు, పదిహేను దారులు. వీటిలో ఒక గోధుమ కార్డు తక్కువైతే ఆట నడుస్తుంది, ధర కాస్త తగ్గించమనొచ్చు. ఒక భూభాగం పలక పోతే ఆట కుంటుతుంది. దేనికి ఎంత తగ్గించాలో పరిస్తే తప్ప తెలియదు.

స్క్రాబుల్‌లో వంద బిళ్లలు, అందులో రెండు ఖాళీవి. లెక్క సరిపోయిందని సంతోషపడిపోకూడదు. సంచిలో చెయ్యి పెట్టి చూడకుండా తీసే ఆట అది. పోయిన బిళ్ల స్థానంలో వేరే సెట్టుది పెట్టి ఉంటే వేలికి తేడా తెలిసిపోతుంది. అలాగే కార్డుల ఆటల్లో ఒక కార్డు మూల విరిగి ఉంటే వెనకనుంచే గుర్తుపట్టేస్తారు, ఆట చెడుతుంది. బిజినెస్ ఆటలో నోట్లు తక్కువైతే కాగితం మీద రాసుకోవచ్చు, ఊళ్ల పట్టాలు తక్కువైతే కష్టం. చదరంగంలో 32 పావులు లెక్కపెట్టి, నాలుగు గుర్రాలూ ఒకే సెట్టువో కావో పక్కపక్కన పెట్టి చూడాలి.

మన ఊళ్లో ఎక్కువగా చేతులు మారేది క్యారమ్ బోర్డే కాబట్టి దాని గురించి ఇంకాస్త చెబుతాను. పెద్ద బోర్డు ఆడే తలం 74 సెంటీమీటర్ల చదరం, పోటీల నిబంధనల ప్రకారం ప్లైవుడ్ మందం ఎనిమిది మిల్లీమీటర్లకు తగ్గకూడదు. కాయిన్లు తొమ్మిది నల్లవి, తొమ్మిది తెల్లవి, ఒక ఎర్రది. ఇవన్నీ లెక్కకు వస్తాయి, వంపు మాత్రం లెక్కకు రాదు. మూల నుంచి మూలకు దారం బిగించి పట్టి, దాని కింద వెలుతురు కనిపిస్తుందేమో చూడాలి. స్ట్రైకర్ పెట్టి నాలుగు వైపులా మెల్లగా తోసి, ఎక్కడైనా తనంతట తాను పక్కకు మళ్లుతుందేమో చూడాలి. వేళ్లతో తట్టుకుంటూ పోతే ప్లై లేచిన చోట డొల్ల చప్పుడు వస్తుంది. మన ఎండలకు చట్రం మూలల్లో జిగురు విడిచి సందు పడుతుంది. ఇంటి గోడకు ఎండపొడలో ఆనించి పెట్టిన బోర్డయితే మరీను. అదే మద్రాసు వైపు నుంచి వచ్చిన పెట్టెలయితే తేమకు బూజు వాసన, అట్ట ఉబ్బు. మూత తీసి ముక్కు పెట్టి చూడాలి. ఇవేవీ ఫొటోలో కనపడవు, వీడియో కాల్‌లోనూ సగమే.

ధర మాట వచ్చింది కాబట్టి ఇంకొకటి. 2025 సెప్టెంబరు 22 నుంచి క్యారమ్, చదరంగం, లూడో లాంటి బోర్డు ఆటల మీద జీఎస్టీ 12 శాతం నుంచి 5 శాతానికి తగ్గింది. పాత పెట్టె మీద అచ్చయిన పాత ఎమ్మార్పీ చూపించి అందులో సగమంటే లాభమని మురిసిపోనక్కర్లేదు. కొత్తది ఇవాళ దుకాణంలో ఎంతకొస్తుందో కనుక్కుని, అందులో సగమో కాదో చూడాలి. ఇక సీలు విప్పని కొత్త పెట్టె సగం ధరకంటే ఇంకో అనుమానం రావాలి. బాగా అమ్ముడుపోయే విదేశీ ఆటలకు నకిలీలు విరివిగా ఉన్నాయి. అచ్చు మసకగా ఉంటుంది, కార్డులు పలచగా ఉంటాయి, బిళ్లలు అట్టలోంచి సరిగా ఊడిరావు. అమ్మేవాడికే అది నకిలీ అని తెలియకపోవచ్చు.

కలుసుకునే వీల్లేనివాళ్లు ఏం చేయాలి? అనంతపురం ఇళ్లకు ఒక వసతి ఉంది. ఇంటికొకరు కాకపోయినా వీధికొకరు బెంగళూరులో ఉన్నారు. కరువు పంపించిన మన వాళ్లు అక్కడ మేస్త్రీ పని దగ్గర్నుంచి సాఫ్ట్‌వేర్ దాకా అన్నిట్లోనూ ఉన్నారు. వాళ్లలో ఒకరిని సెలవు రోజున వెళ్లి చూడమనాలి. పట్టపగలు, అపార్ట్‌మెంట్ గేటు దగ్గర, సెక్యూరిటీ ఎదుట. చూసి, లెక్కపెట్టి, డబ్బు ఇచ్చి, ఆర్టీసీ పార్సెల్‌లో వేయమనాలి. వేసేది మన మనిషి కాబట్టి పెట్టెలో ఇటుకరాయి రాదు.

మన మనిషి దొరక్కపోతే కొన్ని జాగ్రత్తలు. ఆట మీద ఇవాళ్టి తేదీ, కొనేవాడి పేరు రాసిన కాగితం పెట్టి ఫొటో తీసి పంపమనాలి. వీడియో కాల్‌లో మూత తీసి, ముక్కలు ఒక్కొక్కటిగా బల్ల మీద పేర్చమనాలి. ఏ కార్డు నలిగిందో, ఆఖరుసారి ఎందరు ఆడారో మాటల్లో అడగాలి. సొంతదారు ఒక కథ చెబుతాడు, దొంగ ఒక ధర చెబుతాడు. మాటలు వెబ్‌సైటు చాట్‌లోనే సాగించాలి. లింకు వస్తే నొక్కకూడదు, స్క్రీన్ చూపించే యాప్ వేసుకోమంటే అక్కడితో ఆపేయాలి. నమ్మకం కోసమని మన ఆధార్ ఫొటో పంపకూడదు, అవతలివాడి ఆధార్ చూసి నమ్మకూడదు. బడి ముద్రో, గ్రంథాలయం ముద్రో ఉన్న పెట్టె ఎంత చవకైనా వదిలేయాలి. దొంగసొత్తని నమ్మడానికి కారణం ఉండీ తీసుకుంటే అదీ నేరమే. పద్దెనిమిదేళ్లు నిండని పిల్లలు పెద్దవాళ్లకు చెప్పకుండా ఏ లావాదేవీకీ దిగకూడదు. పెద్దవాళ్లు కూడా పిల్లలు చెప్పుకునేలా ఉండాలి, మోసపోయానన్న పిల్లవాడిని ముందు తిట్టకుండా 1930కి ఫోన్ చేయాలి. మొదటి గంటలో చేస్తే డబ్బు అవతలి ఖాతా దాటకముందే ఆపే అవకాశం ఉంటుంది.

ఒకప్పుడు మన పెద్దలు మద్రాసు నుంచి, బెజవాడ నుంచి పుస్తకాలు వి.పి.పి.లో తెప్పించుకునేవారు. డబ్బు పోస్ట్‌మన్ చేతిలో పెట్టాకే పొట్లం విప్పేది. అయినా భయం ఉండేది కాదు. పుస్తకం వెనక అట్ట మీద ప్రచురణకర్త పేరు, వీధి, ఊరు ఉండేవి. చిరునామా ఉన్న మనిషి పారిపోడని ధీమా. ఇవాళ్టి అమ్మకందారుకు చిరునామా లేదు, ఫోన్ నంబరు రేపటికి మారిపోతుంది. మనిషి చిరునామా అడగలేం కాబట్టి లావాదేవీకి ఒక చిరునామా ఇవ్వమని మిమ్మల్ని అడుగుతున్నాను.

ఇది నా బుర్రలో పుట్టిన వింత ఆలోచన కూడా కాదు. అమెరికాలో అనేక పట్టణాల పోలీసు శాఖలు పదేళ్ల కిందటి నుంచే తమ స్టేషన్ ముందు పార్కింగ్ స్థలంలో కొంత చోటు గుర్తుపెట్టి, కెమెరా ఉందని బోర్డు రాసి, ఆన్‌లైన్‌లో కొని అమ్ముకునేవాళ్లు ఇక్కడ కలుసుకోవచ్చని ప్రకటించాయి. పోలీసులు ఆ వ్యవహారంలో తలదూర్చరు, సరుకుకు హామీ ఉండరు. చోటు ఇస్తారు, అంతే. ఆ చోటే సగం మోసగాళ్లను వడకడుతుంది. స్టేషన్ దగ్గర కలుద్దాం రమ్మంటే నిజమైన అమ్మకందారు ఎన్ని గంటలకని అడుగుతాడు, మోసగాడు బ్లాక్ చేసి పోతాడు. మన ఊరి పిల్లవాడికి కావాల్సిన మొదటి పరీక్ష అదే. చాట్‌లో ఒక్క వాక్యం రాస్తే చాలు, డబ్బు బయటికి పోకముందే జవాబు వచ్చేస్తుంది. ఆ వాక్యం రాయాలంటే అలాంటి చోటు ఒకటి నిజంగా ఉండాలి.

మీ దగ్గర్నుంచి వచ్చే అభ్యంతరాలు నాకు తెలుసు. మొదటిది సిబ్బంది కొరత. బల్లకు కాపలా అక్కర్లేదు. స్టేషన్‌కు ఉన్న సెంట్రీ, ఉన్న కెమెరా చాలు. రెండోది, ఇద్దరికీ తగువొస్తే పోలీసులు తీర్పు చెప్పాలా? చెప్పొద్దు. బోర్డు మీదే రాయించండి: ఇక్కడ సరుకు మంచిచెడ్డలకు పోలీసు శాఖ బాధ్యత లేదు, చూసుకుని కొనండి అని. మూడోది, దొంగసొత్తు అమ్మకానికి ఇది అడ్డా అవుతుందేమో? దొంగ తన సరుకును పోలీసు కెమెరా కిందికి తెచ్చుకుంటే మీకంతకన్నా ఏం కావాలి!

అసలు అడ్డంకి మరొకటి. మా వాళ్లకు స్టేషన్ అంటే భయం. తప్పు చేయనివాడు కూడా ఆ గేటు ముందు నడక వేగం పెంచుతాడు. స్టేషన్‌లో బల్ల వేసినా ఎవరొస్తారని అనిపించొచ్చు. దానికి జవాబు మీ జిల్లాలోనే ఉంది. పోయిన ఫోన్ కోసం స్టేషన్ మెట్లెక్కే పని లేకుండా వాట్సాప్‌లో వివరాలు పంపితే చాలనే చాట్‌బాట్ పద్ధతిని అనంతపురం పోలీసులే తెచ్చారు. దొరికిన ఫోన్లను జనాన్ని పిలిచి చేతికిచ్చారు. గేటు చూసి జంకే జనమే అప్పుడు నవ్వుతూ ఫొటోలు దిగారు. పని సులువు చేస్తే జనం వస్తారని మీ శాఖే నిరూపించింది. బల్ల దగ్గరకొచ్చిన కుర్రాడిని, ఏరా, ఎక్కడ్నించి తెచ్చావ్ అని ఒక్క కానిస్టేబుల్ గద్దించినా మర్నాటి నుంచి ఎవరూ రారు. రెండు కుర్చీల్లో కూర్చున్న ఇద్దరినీ పట్టించుకోకపోవడమే మీవాళ్లు చేయగల పెద్ద సాయం.

అయినా స్టేషనే వద్దనుకుంటే ఆర్టీసీ బస్టాండులో పార్సెల్ కౌంటర్ పక్కన వేయించండి. బెంగళూరు నుంచి వచ్చే పెట్టె దిగేదీ అక్కడే. కావాల్సినవి మూడే: నీడ, కెమెరా, పదిహేను నిమిషాలు ఎవరూ లేపని కుర్చీ. ఆ బోర్డు మీదే పెద్ద అక్షరాలతో రెండు వాక్యాలు రాయిస్తే ఇంకా మేలు. ఒకటి, చూడకుండా అడ్వాన్స్ పంపవద్దు. రెండు, మోసం జరిగితే వెంటనే 1930. అక్కడ ఏమీ కొననివాళ్లు కూడా వాటిని చదువుకుంటూ పోతారు.

పాత ఆటల కోసం వేసిన బల్ల పాత ఆటలకే పరిమితం కాదని మీకు నేను చెప్పక్కర్లేదు. పాత పాఠ్యపుస్తకాలు, గ్రాఫ్ బోర్డులు, కాలిక్యులేటర్లు, పోటీ పరీక్షల గైడ్లు, కుట్టుమిషన్లు అన్నీ దాని మీదికి వస్తాయి. డబ్బు తక్కువున్న జిల్లాలో పాత వస్తువు చేతులు మారడమనేది ఒక ఆస్తి. అది భయం లేకుండా జరగడం ఇంకా పెద్ద ఆస్తి. నేను ఆటలతో మొదలుపెట్టమంటున్నది, వాటిని కొనేది పిల్లలు కాబట్టి. తన డబ్బుతో తానుగా చేసిన మొదటి బేరంలోనే మోసపోయిన పిల్లవాడు పోగొట్టుకునేది తొమ్మిది వందలే కాదు, మనుషులతో బేరమాడే ధైర్యం కూడా. చూసి, లెక్కపెట్టి, ఒక ముక్క తక్కువుందని మర్యాదగా చెప్పి, వంద తగ్గించుకుని ఇంటికెళ్లిన పిల్లవాడు బడిలో నేర్పని పాఠం ఒకటి నేర్చుకున్నట్టే.

ఈ వేసవి సెలవులు మొదలయ్యేలోగా ఒకే ఒక్క చోట బల్ల వేయించి, మూడు నెలలు ప్రయత్నించి చూడండి. ఎండ తగ్గాక, సాయంత్రం ఐదు నుంచి ఏడు దాకా చాలు. పని చేయలేదనిపిస్తే బల్ల తీసేయండి, ఎవరూ నిలదీయరు. పని చేసిందనిపిస్తే గుంతకల్లు, తాడిపత్రి, కళ్యాణదుర్గంలో కూడా వేయించండి. శాఖ దగ్గర దీనికి పద్దు లేదంటే బల్ల, కుర్చీలు, బోర్డు మీద అక్షరాల ఖర్చు మేమే చందాలు వేసుకుని భరిస్తాం. మీ ఆఫీసు నుంచి సరేనన్న ఒక్క మాట రావాలి, మర్నాడు పొద్దున్నే వడ్రంగిని వెంటబెట్టుకుని వస్తాం.

ఇట్లు,
పాతూరు నివాసి ఒకరు,
అనంతపురం